తొలగించిన పాఠం: 'రివైండ్ అండ్ ప్లే' చిత్రంలో ఓఆర్‌టీఎఫ్ దృశ్యాలు

ప్రసారమైన కార్యక్రమాన్ని అంతిమ పాఠంగా, చిత్రీకరణలో మిగిలిపోయిన భాగాలను వ్యర్థంగా భావించడం పరిశోధనలోనూ కనిపించే అలవాటు. సెనెగల్ మూలాలున్న ఫ్రెంచి దర్శకుడు అలైన్ గోమిస్ 2022లో రూపొందించిన 'రివైండ్ అండ్ ప్లే' ఈ అలవాటును ప్రశ్నిస్తుంది. ఈ చిత్రానికి ఆధారం ఫ్రాన్సు ప్రభుత్వ ప్రసార సంస్థ ఓఆర్‌టీఎఫ్ చిత్రించిన దృశ్యాలు. 1964లో ఏర్పడిన ఆ సంస్థ 1974 చివర రద్దయింది. దాని దృశ్య భాండాగారం 'ఇనా' అనే జాతీయ సంస్థకు సంక్రమించింది.

1969 డిసెంబరులో అమెరికన్ జాజ్ పియానో విద్వాంసుడు థెలోనియస్ మాంక్ కచేరీ నిమిత్తం పారిస్ వచ్చినప్పుడు 'జాజ్ పోర్ట్రెయిట్' కార్యక్రమానికి ఆయనను చిత్రీకరించారు. ప్రశ్నలడిగినవాడు హెన్రీ రెనో. ఆయనా పియానో వాదకుడే, మాంక్‌ను అభిమానించేవాడే. గోమిస్ చేతికి చిక్కింది సవరించని ముడి చిత్రణ. అందులో ఒకే ప్రశ్న మళ్లీమళ్లీ వినిపిస్తుంది. పియానోను వంటగదిలో ఎందుకు పెట్టుకున్నారని రెనో అడుగుతాడు. ఇంట్లో అదే పెద్ద గది అని మాంక్ జవాబు. రెనో ఆశించిన విచిత్ర కళాకారుడు ఆ జవాబులో దొరకడు.

1954 నాటి పారిస్ పర్యటన ప్రస్తావనలో విషయం తీవ్రమవుతుంది. పత్రిక ముఖచిత్రంగా తన బొమ్మ వేసినా, వచ్చిన సంగీతకారులందరిలో తనకే తక్కువ పారితోషికం ఇచ్చారని మాంక్ చెబుతాడు. అది బాగుండదని, తీసేయాలని రెనో నిర్ణయిస్తాడు. బాగుండదా అని మాంక్ ఎదురుప్రశ్న వేస్తాడు. ఒక నల్లజాతి కళాకారుని ఆర్థిక సాక్ష్యం మర్యాద పేరిట ఎలా తొలగిపోతుందో ఇక్కడ కళ్లారా చూస్తాం. రెనోను దుష్టునిగా నిలబెట్టడం మాత్రం తేలిక విమర్శ. ఆయన నోట పలికినది ప్రసార సంస్థ అభిరుచి కూడా.

తాళపత్ర ప్రతులను పోల్చే పరిష్కర్త తాను తిరస్కరించిన పాఠాన్ని అధోజ్ఞాపికలోనైనా ఉంచుతాడు. గోమిస్ ఆ అధోజ్ఞాపికనే గ్రంథంగా మార్చాడు. పైనుంచి వ్యాఖ్యానం చేర్చలేదు. దీపాల వేడికి చెమటోడుతున్న మాంక్ ముఖాన్ని చాలాసేపు అలాగే చూపాడు. రచయితల రేడియో పరిచయాలను ఆధారాలుగా గ్రహించే తెలుగు పరిశోధకునికి ఇది దూరపు విషయం కాదు. ఆ పరిచయాలూ ఎవరో ఒకరు కత్తిరించి కూర్చినవే.

అయితే గోమిస్ పద్ధతిలో ఒక చిక్కుంది. ప్రశ్నల పునరుక్తిలో రెనో వల్ల కలిగినది ఎంత, గోమిస్ కూర్పు వల్ల పెరిగినది ఎంత అన్నది చిత్రం చెప్పదు. పాఠ పరిష్కర్త తన సవరణలను గుర్తించి చూపాలి. ఇక్కడ ఆ గుర్తులు లేవు. చిత్రంగా ఇది లోపం కాకపోవచ్చు. దీనిని చారిత్రక సాక్ష్యంగా ఉటంకించేవారికి మాత్రం లోపమే. ప్రసారమైన కార్యక్రమాన్ని, ముడి చిత్రణను, గోమిస్ కూర్పును పక్కపక్కన ఉంచి చూస్తే తప్ప ఏ పునరుక్తి ఎవరిదో తేలదు.