కథ వ్రాసిన చేతితోనే ఖర్చు లెక్క

చలనచిత్రములను గూర్చి ముచ్చటించునపుడు మనము నటులను, దర్శకులను స్మరింతుమే గాని, కథను తానే వ్రాసికొని, దానికి వలసిన ధనమును తానే కూర్చుకొని, తన నేలమీదనే చిత్రమును నిర్మించు నిర్మాతను అరుదుగా తలచుకొందుము. ఫ్రాన్సు దేశమున మార్సెల్ పాన్యోల్ అట్టివాడు. పారిసు నగరమున నాటకకర్తగా ప్రఖ్యాతి గాంచియు, దక్షిణమునందలి తన ప్రోవెన్సు సీమను విడువక, మార్సెయి నగరమున స్వంత స్టూడియో నెలకొల్పి, తనవారి యాసను తెరకెక్కించి, 1946లో ఫ్రెంచి అకాడమీ సభ్యత్వమును పొందెను.

మన తెలంగాణమున అట్టి భారమును తలకెత్తుకొన్నవారు బి. నర్సింగరావుగారు. కిషన్ చందర్ ఉర్దూ నవల ఆధారముగా, గౌతమ్ ఘోష్ దర్శకత్వమున 1979లో రూపొందిన ‘మాభూమి’కి ఆయన జి. రవీంద్రనాథ్‌గారితో కలిసి నిర్మాత. సంభాషణల రచనయందును పాలుగొనిరి. అంతకు ముందటి యేడు సెప్టెంబర్ 7న మా జగిత్యాల వీధులలో రైతుకూలీలు దొరల కెదురుగా జైత్రయాత్ర సలిపియుండిరి. కావుననే ఆ చిత్రమున కథానాయకుడు రామయ్య దొరతనమున కెదురు తిరుగుట మా ప్రాంతమువారికి గతించిన కథగా గాక, నిన్నటి వార్తగా తోచినది. లాభమే పరమార్థమైన నిర్మాత పల్లెవాని పలుకును దిద్దుమనియుండును. నిర్మాతయే రచయిత యగుటచే ఆ పలుకు చెక్కుచెదరక నిలిచెను.

1988 నాటి ‘దాసి’కి నిర్మాత వేరొకరైనను, రచనయు దర్శకత్వమును నర్సింగరావుగారివే. వధువు వెంట కట్నముగా దొర గడీకి వచ్చిన కమలాక్షి, ఎవరు పిలిచినను ఎదురుమాట లేక పని చేయుచు, తన దేహముపైనను తనకు హక్కు లేక బ్రదుకును. ఆమె చుట్టును ఆ గడీ లోకమును తీర్చిన కళాదర్శకుడు మా సిరిసిల్ల సీమలోని బూరుగుపల్లెలో జన్మించిన చిత్రకారుడు తోట వైకుంఠంగారు. ఆ చిత్రమునకు లభించిన ఐదు జాతీయ పురస్కారములలో కళాదర్శకత్వమునకు వచ్చినది వారిదే.

ఇట్టి కథలకు ప్రేక్షకులుందురా యందురేమో: సిరిసిల్ల బిడ్డ వేణు యెల్దండి వ్రాసి, దర్శకత్వము వహించిన ‘బలగం’ 2023 మార్చి 3న విడుదలయ్యెను. చావు జరిగిన యింట పెట్టిన కూడును పిట్ట ముట్టకపోవుటయే కథగా నడచిన ఆ చిత్రమును ఊరూర తెరలు గట్టుకొని జనులు చూచి కన్నీరు పెట్టిరి. మన బ్రదుకునకు ప్రేక్షకులు లేరను మాట ఆనాటితో చెల్లిపోయినది.

కోరుట్ల వాకిళ్లలో బీడీలు చుట్టు తల్లులు, సిరిసిల్ల మరమగ్గముల చెంత రాత్రులు గడపు నేతన్నలు, గల్ఫునుండి కొడుకు పంపు కబురుకై వేచియున్న జగిత్యాల ముసలివారు నేటికిని నిర్మాత కొరకు ఎదురుచూచుచున్న కథలే. వ్రాయనేర్చిన యువకులారా, కథతో ఆగిపోకుడు. కెమెరా అద్దె యెంతో, భోజనముల ఖర్చెంతో, అప్పు తీర్చు మార్గమేదో కూడ నేర్చుకొనుడు. ఖర్చు పెట్టువాని చేత కలమున్ననాడే మన మాట మనదిగా తెరకెక్కును.