తెల్లదొర ఒక్కడేనా?

మొన్న పంద్రాగస్టునాడు రాజమండ్రిలో మా ఇంటిల్లిపాదీ టీవీ ముందు కూచుని ‘అల్లూరి సీతారామరాజు’ మళ్ళీ చూశాం. 1974లో వచ్చిన చిత్రం. తెలుగులో తొలి సినిమాస్కోపు, కృష్ణగారికి నూరో సినిమా. శ్రీశ్రీగారికి జాతీయ బహుమతి తెచ్చిన పాట రాగానే, చెప్పొద్దూ, ఈసారీ కళ్ళు చెమర్చాయి.

మా అమ్మాయి మాత్రం రూథర్‌ఫర్డ్ వేషంలో ఉన్న జగ్గయ్యగారినే చూస్తూ, “అన్ని ఊళ్ళనీ ఈయనొక్కడే ఏడిపించాడా అమ్మా?” అంది. నాకు జవాబు తోచలేదు.

ఆ సినిమా బలమూ, లోటూ అక్కడే ఉన్నాయనిపిస్తుంది. జగ్గయ్యగారు ఎంత బాగా నటించారంటే మన కోపమంతా ఆయన మీదికే పోతుంది. విలన్ పరాయివాడైతే మనకెంత హాయి! చప్పట్లు కొట్టి, లేచి వంటపని చూసుకోవచ్చు.

చరిత్ర అంత హాయిగా లేదు. లంబసింగి రోడ్డు పనిలో ఆరణాల కూలి అని చెప్పి అణా చేతిలో పెట్టినవాడు పిళ్ళై అనే కంట్రాక్టరు. అతనికి అండ గూడెం డిప్యూటీ తహసీల్దారు బాస్టియన్. 1922 ఆగస్టు 22న రాజు చింతపల్లి పోలీసు స్టేషను మీద పడ్డాక మన్యంలో దిగిన మలబారు పోలీసులూ, తరవాత వచ్చిన అస్సాం రైఫిల్స్ సిపాయిలూ ఈ దేశపు బిడ్డలే. ఏ గుడిసెలో రాజుకి గంజి పోశారో వాళ్ళకి చెప్పాలంటే దారి తెలిసిన మనిషే కావాలి కదా!

అలా చెప్పినవాళ్ళంతా దుర్మార్గులనీ అనలేను. రాత్రి రాజు మనుషులొస్తే బియ్యం పెట్టాలి. తెల్లారి పోలీసులొస్తే పెట్టినందుకు శిక్ష. పిల్లల్ని కొంగుచాటున దాచుకుని గుమ్మంలో నుంచున్న ఇల్లాలు ఏం చెప్పి ఉంటుంది? 1924 మే 7న కొయ్యూరులో రాజుని కాల్చేశారు. సినిమా కథ అక్కడితో సరి. ఆవిడ మాత్రం ఆ మర్నాడు కూడా, తన పేరు చెప్పినవాళ్ళ పక్కనే నిలబడి అదే గెడ్డలో నీళ్ళు ముంచుకోవాలి. నవలలు రాసేదాన్ని గనక నాకు ఆవిడ కథ కావాలి.

మన సంగతో? మన జాడీల్లోకి మన్యం చింతపండు చవగ్గా దిగిన రోజుల్లో, కొండమీద తూకం వేసినవాడు తెల్లదొర కాడు.

“కాదమ్మా, మనవాళ్ళూ ఉన్నారు” అని మా అమ్మాయికి చెప్పాను. ఆ ఒక్కమాట అనడానికి నాకు రెండు రోజులు పట్టింది.