పేరు మార్చుకుని ఆడే ఆట

వీడియో గేములంటే మనలో చాలామందికి చిన్నచూపు. పిల్లలు చెడిపోయే తోవ అని మౌల్వీసాబ్ అంటాడు, అభ్యుదయ రచయితా అంటాడు. ఈ ఒక్క విషయంలో ఇద్దరికీ పేచీ లేదు. కవిత్వం గురించి, కథ గురించి, సినిమాల్లో సాయిబు పాత్రల గురించి ఎంతో రాసుకున్నాం. మన ఇళ్ళల్లో పిల్లలు రాత్రి పన్నెండు దాకా చేతిలో పట్టుకుని కూర్చునేదాని గురించి మాత్రం రాసింది తక్కువ. రాయాలంటే ముందు ఆడాలి. మేం ఆడాం. నలభై దాటిన వయసులో, చత్వారం అద్దాలు పెట్టుకుని, ఊరూ పేరూ తెలియని వాళ్ళతో ఆడాం. ఆ ఆట పేరు ‘అమాంగ్ అస్’. తెలుగులో ‘మన మధ్యనే’ అనుకోవచ్చు. మన మధ్యనే ఉన్నారు జాగ్రత్త అనే మాట ఎవరి గురించి అంటుంటారో తెలిసినవాళ్ళం గనక, ముందు ఆ పేరే మమ్మల్ని పట్టుకుంది.

ఆట తెలియని వాళ్ళ కోసం నాలుగు మాటలు. ఒక అంతరిక్ష నౌక. అందులో పదిమంది పనివాళ్ళు. 2021 నుంచి పదిహేనుమంది దాకా ఆడొచ్చు. అందరిదీ ఒకే ఆకారం, చిక్కుడు గింజకి కాళ్ళొచ్చినట్టు. తేడా రంగులోనే. తెగిన వైర్లు కలపడం, కార్డు గీకడం, చెత్త పారబోయడం, ఇలాంటి పనులు అందరికీ ఉంటాయి. వాళ్ళలో ఒకడో ఇద్దరో ముగ్గురో వేషగాళ్ళు. ఎవరు వేషగాడో యంత్రం చీటీ తీసినట్టు తీసి వాడికే చెబుతుంది. వాడు పని చేస్తున్నట్టు నటిస్తూ, ఒంటరిగా దొరికినవాణ్ణి చంపుతాడు, నేలలోని గొట్టంలో దూరి ఇంకో గదిలో తేలుతాడు, దీపాలు ఆర్పేస్తాడు. దీపాలు ఆరితే పనివాళ్ళ చూపు తగ్గుతుంది, వాడి చూపు తగ్గదు. శవం కనిపించినవాడు కబురు పెట్టినా, భోజనాల గదిలో బల్లమీది ఎర్రమీట ఎవరైనా నొక్కినా, అందరూ సమావేశమవుతారు. టైపు కొట్టి వాదించుకుంటారు, ఓట్లు వేస్తారు. ఎక్కువ ఓట్లు పడ్డవాణ్ణి శూన్యంలోకి విసిరేస్తారు.

దీనికి తాత ‘మాఫియా’ అనే ఆట. 1980ల మధ్యలో మాస్కో విశ్వవిద్యాలయంలో మనస్తత్వశాస్త్రం చదివే దిమిత్రీ దవిదోవ్ తయారుచేశాడు. యంత్రాలక్కర్లేదు, గుండ్రంగా కూర్చున్న మనుషులూ కొన్ని చీటీలూ చాలు. 1997లో అమెరికాలో ఆండ్రూ ప్లాట్‌కిన్ దాన్ని పల్లెటూరికి మార్చాడు. హంతకులు పోయి, మనిషి రూపంలో తిరిగే తోడేళ్ళు వచ్చాయి. ఈ జాతి ఆటల్ని వివరించేవాళ్ళు ఒక మాట వాడతారు: సంగతి తెలిసిన మైనారిటీకీ, సంగతి తెలియని మెజారిటీకీ మధ్య పోటీ అని. ఆ మాట దగ్గర మేం చాలాసేపు ఆగిపోయాం. కొద్దిమందికి అన్నీ తెలుసు, ఒకరి సంగతి ఒకరికి తెలుసు, మామూలు మనుషుల వేషంలో ఉంటారు, పట్టుకోకపోతే అందర్నీ చంపుతారు. గల్లీ చివర టీ కొట్టు దగ్గర మన గురించి నడిచే కథ ఇదే కదా. ఆట చేసినవాళ్ళ మనసులో అది ఉందని మేం అనం. ఆ భయం వాళ్ళకంటే చాలా పాతది.

అయినా ఈ ఆటని మేం కొట్టిపారేయలేకపోయాం. ఎందుకంటే ఇక్కడ ఎవర్ని అనుమానించాలన్నది పుట్టుకతో తేలదు, చీటీలో తేలుతుంది. ఇప్పుడు వేషగాడైన ఆకుపచ్చవాడు వచ్చే ఆటలో పనివాడు. నిన్న ఏం చేశావు, మీ తాత ఏం చేశాడు అని అడిగేవాడు లేడు. ప్రతి పది పదిహేను నిమిషాలకీ అనుమానాన్ని కడిగేసి మళ్ళీ కొత్తగా పంచుతారు. మొదటిసారి ఆడి పడుకున్న రాత్రి మాకు చాలాసేపు నిద్ర పట్టలేదు.

ఇన్నర్‌స్లాత్ అనే చిన్న అమెరికా సంస్థ 2018లో దీన్ని వదిలింది. రెండేళ్ళు పెద్దగా ఎవరూ పట్టించుకోలేదు. 2020లో లోకమంతా తలుపులు వేసుకున్నాక ఒక్కసారిగా అంటుకుంది. మన దేశంలో ఆ ఏడాది సెప్టెంబరు 2న పబ్‌జీని నిషేధించారు. మా అక్క కొడుకు అప్పుడు తొమ్మిదో తరగతి. తుపాకుల ఆట పోయిందని రెండ్రోజులు అన్నం మీద అలిగి, మూడో రోజు ఈ అనుమానాల ఆట పట్టుకున్నాడు. తర్వాత మాకు నేర్పిందీ వాడే.

ఆడటానికి రెండు దారులు. ఒకటి, తెలిసినవాళ్ళు ఒక కోడ్ పంచుకుని తలుపేసుకుని ఆడటం. ఒక ఆదివారం రాత్రి మేం, అక్క, దుల్హాభాయ్, పిల్లలు అలా ఆడాం. నవ్వలేక చచ్చాం. కానీ అది ఆట కాదని మా అభిప్రాయం. అబద్ధమాడితే అక్క దుపట్టా సవరించుకుంటుందని మాకు ముప్పై ఏళ్ళుగా తెలుసు. అక్కడ ఎవరూ సాక్ష్యం చూడరు, మనిషిని చూస్తారు. రెండో దారి, ఎవరైనా రాగల గది. జాబితాలో ఖాళీ ఉన్న గదిని ఒత్తితే చాలు, తొమ్మిదిమంది అపరిచితుల మధ్య పడతాం. ఈ ఆట స్వభావం తెలియాలంటే అందులోకే వెళ్ళాలి.

వెళ్తే మొదట తెలిసేది భాష సంగతి. గదిలో ఏ భాషలో మాట్లాడుకోవాలో ఎంచుకునే జాబితా ఒకటుంది. మేం చూసినంతలో అందులో తెలుగు లేదు, ఉర్దూ లేదు. మా బతుకంతా ఈ రెండు భాషల మధ్యే గడిచింది. ఉర్దూ పేపర్లో పనిచేసినప్పుడు మమ్మల్ని తెలుగువాడన్నారు, తెలుగు పేపర్లో చేరితే మీ తెలుగు బాగుందే అని ఆశ్చర్యపోయారు. ఇక్కడ ఆ రెండూ పనికిరాక ఇంగ్లీషు గదిలో చేరాం. సాధారణంగా చర్చకి 15 సెకన్లు, ఆ తర్వాత ఓటుకి 120 సెకన్లు. కోర్టుల్లో ఏళ్ళు పట్టే పని ఇక్కడ రెండు నిమిషాల పదిహేను సెకన్లలో అయిపోవాలి. ఎవరు ముందు టైపు కొడితే వాళ్ళది పైచేయి. మాట్లాడనివాడు దొంగ. ఆలస్యంగా మాట్లాడినవాడు కథ అల్లుకుంటున్నాడు. ఎక్కువ మాట్లాడినవాడు మరీ అనుమానం. ‘ఎర్రవాడి మీద షక్’ అని ఎవడో ఒకడు కొడతాడు. పిల్లల భాషలో ‘రెడ్ సస్’. ఎందుకూ అంటే జవాబుండదు. ఎర్రరంగు మీద ఈ అనుమానం ఎక్కణ్ణుంచి వచ్చిందో మా వామపక్ష మిత్రులే చెప్పాలి.

ఇదంతా చూసి అపరిచితులతో ఆడటం దండగ అనేవాళ్ళున్నారు. మేం ఒప్పుకోం. తెలియని మనిషి మీద చేతిలో ఏ సాక్ష్యమూ లేకుండా ఎంత తొందరగా నిర్ణయానికొస్తామో మాకు మేమే ఇందులో పట్టుబడ్డాం. మేమూ ఎర్రవాడికి ఓటేశాం. ఒకసారి కాదు.

ఇక ఓటు పడ్డాక ఏమవుతుందన్నది. విసిరేసిన మనిషి నక్షత్రాల మధ్య గిరగిరా తిరుగుతూ పోతుంటే, తెరమీద అక్షరాలు ఒక్కొక్కటే పడతాయి: ఇతను వేషగాడు కాదు. అందరూ చూస్తారు. ఒక్కరూ క్షమించమని కొట్టరు. మళ్ళీ పనుల్లోకి పోతారు. కానీ ఆ ‘కాదు’ అనే మాట అక్కడికక్కడే, అందరి ముందూ పడుతుంది. గది యజమాని కావాలనుకుంటే ఆ వాక్యం రాకుండా కూడా చేసుకోవచ్చు. అప్పుడు విసిరేశారన్న సంగతే తెలుస్తుంది, నిజానిజాలు తెలియవు.

హైదరాబాదులో ఆ ‘కాదు’ కోసం ఎంతకాలం పట్టిందో మేం విలేకరిగా చూశాం. 2007 మే 18న మక్కా మసీదులో పేలుడు జరిగింది. పోలీసులు పట్టుకుపోయిన ముస్లిం కుర్రాళ్ళ మీద కేసులు కోర్టులో నిలవలేదు. 2011–12లో ప్రభుత్వం వాళ్ళకి పరిహారమూ, మంచి నడవడిక ఉన్నవాళ్ళని సర్టిఫికెట్లూ ఇచ్చింది. 2013లో ఆ పరిహారం చెల్లదని హైకోర్టు అంది. ఆటలో వైద్యశాల గది ఒకటుంది. అక్కడ స్కానరు మీద నిలబడితే పచ్చటి వెలుగు పడుతుంది. వేషగాడికి పడదు. పక్కన నిలబడి చూసినవాడు ఆ మాట చెబితే ఇక అనుమానం తీరినట్టే. సర్టిఫికెట్ జేబులో పెట్టుకుని ఉద్యోగం కోసం తిరిగే మనిషికి అలాంటి వెలుగు ఎవరు వేస్తారు?

ఇప్పుడు పేరు సంగతి. ఆటలో పేరుకి పది అక్షరాలే చోటు. ఇంగ్లీషులో రాస్తే మా పూర్తి పేరు అందులో పట్టదు, మన పేర్లు అంత తొందరగా ఎక్కడ పడతాయి గనక. ఖాతా తెరవకుండా అతిథిగా వస్తే పేరు పెట్టుకునే హక్కే లేదు, ఆటే ఏదో పేరు తగిలిస్తుంది. సొంత మాటలు టైపు కొట్టే వీల్లేదు, తయారుగా ఉన్న వాక్యాల్లోంచి ఏరుకోవాలి. మా అక్క కొడుకుకి ఖాతా ఉంది, అయినా వాడి పేరు ‘టొమాటో’. సరదాకి పెట్టుకున్నాడనుకున్నాం. మేం ‘సాయిబు’ అని పెట్టుకోబోతే చెయ్యి పట్టుకున్నాడు.

“నామ్ నక్కో మామూ.”

“ఎందుకురా?”

2020లో వాడు తన సొంత పేరుతోనే ఆడేవాడట. నిజాముద్దీన్ మర్కజ్ గురించి టీవీలు రాత్రింబవళ్ళు అరిచిన ఏడాది అది. తెలుగును ఇంగ్లీషు అక్షరాల్లో కొట్టుకునే కుర్రాళ్ళు గదిలో తగిలితే, చర్చ మొదలవగానే వాడి పేరు పక్కన ‘కరోనా’ అని కొట్టేవాళ్ళు. ఒక ఆటలో కాదు, చాలా ఆటల్లో. ఇంట్లో ఎవరికీ చెప్పలేదు. పేరు మార్చుకున్నాడు. ఈ మాట ఆట చేసినవాళ్ళది కాదు, గదిలో కూర్చున్నవాళ్ళది. కానీ చీటీలు వేసి సమానంగా పంచిన అనుమానం, పేరు కనబడగానే ఒకవైపు ఒరిగిపోయింది. అద్దె ఇంటికోసం తిరిగిన రోజుల్లో మేం కూడా ఇంటాయన అడిగేదాకా పేరు చెప్పేవాళ్ళం కాదు. అది మా తరంతో పోతుందనుకున్నాం.

అదే ఏడాది అక్టోబరు 20న అమెరికాలో అలెగ్జాండ్రియా ఒకాసియో కోర్టెజ్, ఇల్హాన్ ఒమర్ ఇద్దరూ ట్విచ్‌లో ఈ ఆట ఆడారు, ఎన్నికల్లో ఓటేయమని జనానికి చెప్పడానికి. ఒకే సమయంలో 4 లక్షలమందికి పైగా చూశారు. ఒమర్ సొమాలియా నుంచి శరణార్థిగా వచ్చిన మనిషి, హిజాబ్‌తో కాంగ్రెస్‌లో కూర్చుంటుంది. ఆ రాత్రి ఆమె మీద పడింది ఆట అనుమానమే, అందరిమీదా పడినట్టే. మన పిల్లలకి చూపించదగ్గ దృశ్యమే. అయితే అది పిలుచుకున్నవాళ్ళ మధ్య ఆడిన ఆట. మొహాలూ గొంతులూ తెలిసినవాళ్ళ మధ్య ఆడింది. అందరూ రాగల గదిలో ఆ పేరుతో ఆమె ఎన్ని సమావేశాలు దాటేదో మేం చెప్పలేం.

వాడి మాట వినకుండా మేం ‘సాయిబు’ అనే పెట్టుకుని వాడితో పాటే ఒక గదిలో చేరాం. మాది నీలం, వాడిది లేత ఆకుపచ్చ. వాడు పక్క మంచంమీదే కూర్చున్నాడు. మేం కరెంటు గదిలో వైర్లు కలుపుతుండగా గులాబీరంగువాడి శవం దొరికిందని సమావేశం పెట్టారు. ఎక్కడున్నావని అడిగారు. మేం ఒక్కో అక్షరమే వెతుక్కుని కొడుతున్నాం. ఇంతలో ఒకడు ‘సాయిబు దగ్గర బాంబుందేమో చూడండి’ అని కొట్టాడు, తెలుగులోనే. ఇద్దరు నవ్వారు. భాష తెలియనివాళ్ళు కూడా ఏదో జరుగుతోందని నీలానికే ఓటేశారు. ఎనిమిదిలో ఐదు ఓట్లు. ఎవరు వేశారో వాళ్ళ రంగు బొమ్మలు మన పేరు కింద వరసగా పడతాయి. నాలుగోది లేత ఆకుపచ్చ.

తలెత్తి చూశాం. వాడు ఫోన్లోంచి తల ఎత్తలేదు.

“వేయకపోతే నన్ను కూడా పట్టుకునేవాళ్ళు మామూ.”

తెరమీద అక్షరాలు పడ్డాయి: సాయిబు వేషగాడు కాదు. గదిలో నిశ్శబ్దం. చచ్చినవాళ్ళు, విసిరేసినవాళ్ళు ఈ ఆటలో దయ్యాలై నౌకలోనే తిరుగుతారు. వాళ్ళ మాటలు బతికున్నవాళ్ళకి కనబడవు, వాళ్ళలో వాళ్ళకే కనబడతాయి. గులాబీరంగువాడి దయ్యం మా పక్కకి వచ్చి ఇంగ్లీషులో కొట్టింది, నువ్వు కాదని నాకు తెలుసు అని. తెలియకేం, చంపినవాణ్ణి చూసింది వాడే. మేం ధన్యవాదాలు చెప్పాం.

దయ్యాలు చేసిన పనులు కూడా లెక్కలోకే వస్తాయి. విసిరేసినవాళ్ళు తమ వంతు పూర్తిచేయకపోతే బతికున్న పనివాళ్ళు పనులమీద గెలవలేరు. మాకు ఇంకా మూడు పనులు మిగిలాయి. వాడు పక్కనుంచి మెల్లగా అన్నాడు, “మామూ, ఆపేయకు, నీ వైర్లు అలాగే ఉన్నాయి.” గోడల్లోంచి నడుచుకుంటూ కరెంటు గదికి పోయి వైర్లు కలిపాం, చెత్త పారబోశాం, కార్డు మూడోసారికి గీకింది. గెలిచినట్టు తెరమీద పడింది, వాడి ఫోన్లోనూ మా ఫోన్లోనూ.