అడవి అంచున అధికారం: ప్రాచీన చైనా పాలనా నమూనాల వెలుగులో హైమెన్‌డార్ఫ్ కొండరెడ్ల అధ్యయనం – విమర్శ

ఉపోద్ఘాతం

భద్రాచలం నుంచి పాపికొండల వరకు గోదావరి ఉభయ తీరాల్లో కోయలు, కొండరెడ్లు తరతరాలుగా జీవిస్తున్నారు. కొండరెడ్ల జీవనాన్ని విస్తృతంగా నమోదు చేసిన గ్రంథం క్రిస్టఫ్ ఫాన్ ఫ్యూరర్ హైమెన్‌డార్ఫ్ రచించిన ‘ది రెడ్డీస్ ఆఫ్ ది బైసన్ హిల్స్’ (1945). హైదరాబాద్ సంస్థానంలోని ఆదిమ తెగలపై ఆయన వెలువరించిన సంపుటాల్లో ఇది రెండవది. ఇందులోని అధికార వ్యవస్థ చిత్రణను ప్రాచీన చైనా పాలనా నమూనాల సహాయంతో పరిశీలించడం ఈ వ్యాస లక్ష్యం. దూరప్రాంతాన్ని వంశపారంపర్య పెద్దల ద్వారా పాలించాలా, కేంద్రం నియమించిన ఉద్యోగుల ద్వారా పాలించాలా అన్న ప్రశ్న చైనాలో క్రీ.పూ. 3వ శతాబ్దంలోనే స్పష్టంగా చర్చకు వచ్చింది. అదే ప్రశ్న ఆధునిక కాలంలో గోదావరి మన్యంలోనూ తలెత్తింది.

చైనాలో రెండు మార్గాలు

ఝౌ రాజులు తమ బంధువులకు, విధేయులకు భూభాగాలను పంచి ఇచ్చి, వారి ద్వారా పాలన సాగించారు. దీనిని ఫెంగ్‌జియాన్ పద్ధతి అంటారు. క్రీ.పూ. 221లో ఛిన్ చక్రవర్తి చైనాను ఏకం చేసినప్పుడు, దూరప్రాంతాలకు రాజకుమారులను పాలకులుగా పంపాలని మంత్రి వాంగ్ వాన్ సూచించాడు. తరాలు గడిచేకొద్దీ బంధువులే శత్రువులవుతారని, ఝౌ చరిత్రే అందుకు సాక్ష్యమని లీ సి వాదించాడు. చక్రవర్తి లీ సి వాదాన్ని అంగీకరించి, రాజ్యాన్ని 36 మండలాలుగా విభజించి, వారసత్వ హక్కు లేని ఉద్యోగులను నియమించాడు. ఈ చర్చను చరిత్రకారుడు సిమా ఛియెన్ నమోదు చేశాడు.

అయితే సరిహద్దుల్లో ఈ రెండు మార్గాలూ కలిసిపోయాయి. క్రీ.పూ. 109లో నేటి యునాన్‌లోని దియెన్ రాజు హాన్ చక్రవర్తికి లొంగిపోయాడు. హాన్ ప్రభుత్వం అక్కడ యీజౌ మండలాన్ని ఏర్పాటు చేస్తూనే, ఆ రాజుకు ముద్రను ఇచ్చి అతని హోదాను గుర్తించింది. 1956లో షిజైషాన్ సమాధుల తవ్వకంలో ‘దియెన్ రాజు ముద్ర’ అని చెక్కిన బంగారు ముద్ర బయటపడింది. ఆ ముద్ర రాజును నిలబెట్టింది. అతని అధికారానికి మూలం ఇక తన ప్రజలు కాదని కూడా అదే ముద్ర ప్రకటించింది. గుర్తింపు అనే చర్య తాను గుర్తించిన దానినే మార్చివేస్తుంది. హైమెన్‌డార్ఫ్ గ్రంథాన్ని చదవడానికి ఈ సూత్రం ఉపకరిస్తుంది.

గోదావరికి రెండు ఒడ్డులు

1860లో భద్రాచలం, రేకపల్లి ప్రాంతాలు నిజాం నుంచి బ్రిటిష్ వారికి సంక్రమించి, మధ్యపరగణాలలో భాగమయ్యాయి; 1874లో మద్రాసు రాష్ట్రపు గోదావరి జిల్లాలో చేరాయి. ఎడమ ఒడ్డున జమీందారీ హక్కులు కొనసాగినా, వాటిపైన ఏజెన్సీ పాలన ఏర్పడింది. కుడి ఒడ్డున పాల్వంచ సంస్థానం నిజాం రాజ్యంలోనే మిగిలింది. అంటే ఒకే తెగ, ఒకే నది, రెండు పాలనలు. చైనా పరిభాషను స్థూలంగా అన్వయిస్తే కుడి ఒడ్డు ఫెంగ్‌జియాన్‌కు, ఎడమ ఒడ్డు ఉద్యోగి పాలనకు దగ్గరగా ఉన్నాయి. కొండరెడ్ల పెద్దకాపు, కోయల పటేలు, పూజారి, కొన్ని గ్రామాల కూటమిపై ఉండే సముతు దొర ఈ రెండు పాలనల కిందనే తమ పెద్దరికాన్ని నెరపవలసి వచ్చింది.

గ్రంథం బలం – పరిమితి

గ్రంథం ఉపశీర్షికే సంస్కృతీ సంపర్కాన్ని సూచిస్తుంది. కలప, వెదురు వ్యాపారుల వద్ద అప్పుల్లో కూరుకుపోయిన నదీతీర రెడ్లకూ, పోడుపై ఆధారపడిన కొండమీది రెడ్లకూ మధ్య భేదాన్ని హైమెన్‌డార్ఫ్ నిశితంగా చూపాడు. ఆర్థిక జీవనాన్ని ఆయన చరిత్రలో భాగంగానే చూశాడు. గ్రామ పెద్దరికం విషయంలో మాత్రం ఆ చారిత్రక దృష్టి సడలింది. పెద్దరికం రాజ్యానికి పూర్వం నుంచి చెక్కుచెదరక వచ్చిన అవశేషంగా కనిపిస్తుందే తప్ప, సంస్థానంతోనూ అటవీ శాఖతోనూ వ్యవహరిస్తూ రూపుమారిన వ్యవస్థగా కనిపించదు. పోడుకు హద్దు గీసే అధికారం అటవీ శాఖకు చేరాక, పెద్దకాపు మాటకు మిగిలిన విలువ ఎంత అన్నది అడగవలసిన ప్రశ్న.

ఈ లోపం కేవలం విద్యావిషయికం కాదు. 1945లో ఆయన నిజాం ప్రభుత్వానికి గిరిజన వ్యవహారాల సలహాదారు అయ్యాడు. 1946, 1949 నాటి హైదరాబాద్ గిరిజన ప్రాంతాల రెగ్యులేషన్లు ఆ కృషి నేపథ్యంలోనే వచ్చాయి. అన్యాక్రాంతమవుతున్న భూమికి అవి రక్షణ కల్పించాయన్నది కాదనలేని మేలు. కానీ ఆ రక్షణ భారమంతా ఉద్యోగి చేతిలోనే ఉంది. గిరిజన పెద్దకు దక్కినది దియెన్ రాజు ముద్ర వంటి గుర్తింపే.

పోలికకు హద్దు

ఈ పోలికను అతిగా సాగదీయరాదు. ఛిన్ మండలం లిఖిత దస్తావేజులు, జనాభా పట్టికలు, నిర్బంధ సైనిక సేవపై నిలిచిన యంత్రాంగం. మన్యంలో రాజ్యం ఎన్నడూ అంత లోతుకు చొరలేదు. ‘ది ఆర్ట్ ఆఫ్ నాట్ బీయింగ్ గవర్న్‌డ్’ (2009)లో జేమ్స్ స్కాట్ చెప్పిన ‘రాజ్యాన్ని తప్పించుకున్న కొండజనం’ సిద్ధాంతాన్ని ఇక్కడ యథాతథంగా అతికించడమూ పొరపాటే. వెదురు కూపుల్లో కూలికి దిగిన రెడ్లు రాజ్యానికి దూరంగా లేరు. దాని అంచున, దాని వ్యాపారంలో ఉన్నారు.

ముగింపు

1996 నాటి పెసా చట్టం సంప్రదాయాలను, వివాద పరిష్కార పద్ధతులను కాపాడే అధికారాన్ని గ్రామసభకు ఇచ్చింది. షెడ్యూల్డు ప్రాంతంలో భూసేకరణకు ముందు గ్రామసభను గానీ తగిన స్థాయి పంచాయతీని గానీ సంప్రదించాలని నిర్దేశించింది. 2014లో పోలవరం నేపథ్యంలో కూనవరం, చింతూరు, వరరామచంద్రపురం, కుక్కునూరు, వేలేరుపాడు మండలాలు పూర్తిగానూ, భద్రాచలం, బూర్గంపాడు మండలాలు పాక్షికంగానూ ఖమ్మం జిల్లా నుంచి ఆంధ్రప్రదేశ్‌లోకి మారాయి. రాష్ట్ర సరిహద్దును మార్చే రాజ్యాంగ ప్రక్రియలో గ్రామసభకు స్థానమే లేదు. ముద్ర చేతిలో ఉంది; హద్దు గీసేది మరొకరు.

కాబట్టి మన్యం రాజకీయ వ్యవస్థపై పరిశోధించేవారు హైమెన్‌డార్ఫ్ వర్ణనను తొలి ఆధారంగా స్వీకరిస్తూనే, పెద్దకాపు పదవిని ‘ప్రాచీన ఆచారం’గా మాత్రమే నమోదు చేసి ఊరుకోరాదు. ఆ పెద్దకు ముద్ర ఎవరిచ్చారు, ఎప్పుడిచ్చారు, దానికి బదులుగా ఏమి తీసుకున్నారు అన్న మూడు ప్రశ్నలను ప్రతి గ్రామంలోనూ అడగాలి. పెసా గ్రామసభ నిజమైన అధికార కేంద్రమా, మరొక బంగారు ముద్రా అన్నది ఆ సమాధానాలే తేల్చుతాయి.