మూకీ హాస్యమున వంచకుని వేషము

తెలుగు హాస్యమున వంచకుడనగనే గిరీశము స్ఫురించును. 1892లో ప్రథమముగ ప్రదర్శితమైన కన్యాశుల్కమున ఆంగ్లపదములే అతని పెట్టుబడి. కావున వంచకహాస్యము సంభాషణాశ్రితమని భావించుట పరిపాటియైనది. ఈ అభిప్రాయము అసమగ్రమని మేము తలంతుము.

మూకీచిత్రమున మాట వినబడదు. వంచకుని బయటపెట్టునది అతని దేహమే. చాప్లిన్ 1921 నాటి 'ది కిడ్' చిత్రమున బాలుడు రాళ్లు రువ్వి కిటికీ అద్దములు పగులగొట్టును. వెంటనే చాప్లిన్ అద్దములు బిగించువాడై అటు వచ్చును. ఉపాయము చక్కనిదే. కాని పోలీసు చూచుచుండగా బాలుడు అతని చెంత చేరును. అతడు వానిని కాలితో నెట్టి, ఎరుగనట్లు నటించును. ఆ నెట్టుటయే వారి సంబంధమును చాటును. దాచబోయిన చేష్టయే దాచినదానిని వెల్లడించుట ఈ హాస్యమునకు ప్రాణము.

ఇట్టి హాస్యము గురజాడకు తెలియనిది కాదు. మధురవాణి ఇంట ఒకే మంచము క్రింద రామప్పపంతులును గిరీశమును దూరుట, పూటకూళ్లమ్మ చీపురుదెబ్బ పంతులుకు తగులుట స్మరింపదగినవి. ఆ ఘట్టమున మాటలు తొలగించినను నవ్వు నిలుచును.

మూకీహాస్యమునకు హైదరాబాదుతోను సంబంధము కలదు. ఈ నగరమున చిత్రకళ బోధించిన ధీరేంద్రనాథ గంగూలీ, 1921లో 'బిలాత్ ఫేరత్' నందు విదేశమునుండి తిరిగివచ్చినవాని డాబును నటించి నవ్వించెను. 1922లో ఇచట లోటస్ ఫిల్మ్ కంపెనీ స్థాపించెను. పలు వేషములు దాల్చిన తన ఛాయాచిత్రములను గ్రంథముగ ప్రకటించినవాడాయన. 1924 నాటి 'రజియా బేగం' ప్రదర్శన కారణముగ నైజాం ప్రభువు ఆగ్రహమునకు గురియై నగరము వీడెను. ఆ సంస్థ చిత్రములు నేడు అలభ్యములు. పేర్లనుబట్టి కథలనూహించుట పరిశోధన కాజాలదు.

అయినను ఆయన విద్యకు సజాతీయమైనది మనకొకటి కలదు: పగటివేషము. పగటివేషగాడు రంగస్థలము లేకయే జనులనడుమ మరియొకడై చరించి, కడకు నిజరూపమెరిగించి సంభావన గొనును. అచట వేషము నిలుచుట విద్య. మూకీహాస్యమున వేషము జారుట విద్య. రెంటికిని దేహమే ఆధారము.

చిక్కడపల్లి, నారాయణగూడ ప్రాంతముల చిత్రశాలలలో ఈ నగరము తరతరములుగ నవ్వినది. ఆ నవ్వునకు మాటలకు మునుపే చరిత్ర కలదు. నశించిన చిత్రములను మనము తిరిగి తేజాలము. కాని పగటివేషగాండ్ర నడకను, చూపును, చేష్టను చలనచిత్రముగ భద్రపరచుట సాధ్యము. సంభాషణలు మాత్రమే వ్రాసికొని తృప్తినొందినచో ఆ విద్యయు అట్లే అలభ్యమగును.