జిమ్ పలుకు - హక్ రాత: ఆంగ్ల నవలలో ప్రామాణికేతర భాషకు వర్ణక్రమం వేసిన ముద్ర

మార్క్ ట్వేన్ ‘అడ్వెంచర్స్ ఆఫ్ హకల్‌బెరీ ఫిన్’ (1884) పదిహేనో అధ్యాయంలో పొగమంచు రాత్రి గడిచాక, బానిసత్వం నుంచి పారిపోతున్న జిమ్‌ను హక్ ఒక అబద్ధంతో ఆటపట్టిస్తాడు. జరిగినదంతా కల అని నమ్మిస్తాడు. మోసం గ్రహించిన జిమ్ అతణ్ణి నిలదీస్తాడు. హక్ సిగ్గుపడి క్షమాపణ కోరతాడు. నవల నైతిక శిఖరం ఇదేనని చాలామంది విమర్శకులు భావించారు. ఆ పుటలో అంతగా చర్చకు రాని చిన్న విషయం ఒకటుంది. ఆంగ్లంలో ‘వజ్’ అని పలికే భూతకాల క్రియ హక్ కథనంలో నిఘంటువులో ఉన్నట్టే డబ్ల్యూ-ఏ-ఎస్‌గా కనిపిస్తుంది. జిమ్ నోట అదే మాట డబ్ల్యూ-యు-జెడ్‌గా మారుతుంది. ‘ఆవ్’ అనే విభక్త్యర్థక పదానికీ ఇదే గతి: హక్‌కు ఓ-ఎఫ్, జిమ్‌కు యు-వి. చెవికి ఇద్దరి పలుకులోనూ తేడా లేదు. తేడా అంతా కాగితం మీదనే ఉంది.

ఈ పద్ధతిని జార్జ్ ఫిలిప్ క్రాప్ 1925లో ‘ఐ డయలెక్ట్’ అన్నాడు. తెలుగులో దీన్ని కంటి మాండలికం అనవచ్చు. అందరూ ఒకేలా పలికే మాటను ఒక పాత్ర విషయంలో మాత్రమే తప్పు వర్ణక్రమంతో రాస్తే, పాఠకుడికి అందేది ఉచ్చారణ సమాచారం కాదు, ఆ పాత్ర చదువుకోనిదనే సూచన. ఇక్కడ ట్వేన్‌కు న్యాయం చేయడం అవసరం. నవలకు ముందుమాటగా ఉంచిన చిన్న వివరణలో, తాను పలు మాండలికాలను ఊహతో కాక స్వయంగా ఎరిగి, శ్రమపడి వాడానని ఆయన ప్రకటించాడు. ఆ మాట వట్టిది కాదు. జిమ్ పలుకులో దంత్య ఊష్మం స్థానంలో ‘ద’కారం రావడం, పదాంత హల్లులు లోపించడం నిజమైన ధ్వని లక్షణాలే. హక్ తండ్రి శ్వేతజాతీయుడే అయినా ‘గవర్న్‌మెంట్’ అనే మాటను అతని నోట కుదించి రాశాడు గనుక, ఈ ముద్రను జాతికి మాత్రమే పరిమితం చేయడమూ సరికాదు. అయినా జిమ్ మాటల్లో ఆ వక్ర వర్ణక్రమం ఎంత దట్టంగా ఉందో హక్ కథనంలో అంత పలుచన. ఆ హక్ కూడా బడికి సరిగా వెళ్ళనివాడే, పైగా పుస్తకం రాస్తున్నవాడు అతనే. తప్పులు రాయవలసినవాడు అతనయితే తప్పుల భారం మోసినవాడు జిమ్.

ప్రామాణికేతర భేదానికి అసలు ఆధారం వ్యాకరణం. నాలుగో అధ్యాయంలో జిమ్ జోస్యం చెబుతూ ‘నీవు’ అనే కర్తకూ ‘పొందబోతున్న’ అనే క్రియకూ మధ్య ఉండవలసిన ‘ఆర్’ను వదిలేస్తాడు. విలియం లబోవ్ 1969లో న్యూయార్క్ నల్లజాతీయుల వాడుక భాషను విశ్లేషిస్తూ ఈ లోపం యాదృచ్ఛికం కాదని నిరూపించాడు. ప్రామాణిక ఆంగ్లం ఆ క్రియను కుదించగలిగిన చోటనే ఈ భేదం దాన్ని లోపింపజేస్తుంది. వాక్యం చివర కుదింపు కుదరదు, అక్కడ లోపమూ జరగదు. ‘అతడు వైద్యుడు’ అని ఏ క్రియా లేకుండా పూర్తి వాక్యం చెప్పే తెలుగువారికి ఇందులో వింత కనిపించనవసరం లేదు. అయినా మన ఆంగ్ల తరగతుల్లో ఈ వాక్యాలను ‘సరిదిద్ది’ చూపే అలవాటు ఇంకా పోలేదు.

పదిహేనో అధ్యాయానికే తిరిగి వస్తే, జిమ్ నిలదీతలో తార్కిక నిర్మాణం స్పష్టంగా ఉంది. ముందు తన శ్రమ, పిలిచి పిలిచి అలసిన తీరు, తరువాత హక్ బతికి ఉన్నాడని చూసిన సంతోషం, దానికి ప్రతిగా హక్ చేసింది. చివరికి తెప్ప మీది చెత్తను చూపి, మిత్రుల తల మీద మట్టి వేసి సిగ్గుపరిచేవారే చెత్త అని నిర్వచనం. ఆధారం, వైరుధ్యం, నిర్వచనం: ఏ ప్రామాణిక వ్యాసమూ ఇంతకన్నా క్రమంగా నడవదు. కంటి మాండలికం ఆ తర్కానికి అణువంత కూడా తోడ్పడలేదు. పాఠకుడి దృష్టిని తర్కం నుంచి అక్షరాల వైపు మళ్ళించడమే అది చేసిన పని.

షెల్లీ ఫిషర్ ఫిష్‌కిన్ ‘వజ్ హక్ బ్లాక్?’ (1993) ఈ సమస్యను మరింత పదునెక్కిస్తుంది. ట్వేన్ 1874లో ‘సోషబుల్ జిమ్మీ’ అనే రచనలో చిత్రించిన నల్లజాతి బాలుడి మాటతీరు హక్ గొంతుకు ఒక మూలమని ఆమె వాదించారు. ఈ వాదాన్ని పూర్తిగా అంగీకరించనివారు ఉన్నారు. అంగీకరిస్తే మాత్రం వచ్చే ఫలితం చేదైనది: నల్లజాతి వాక్‌శైలి శ్వేత బాలుడి కథనంలోకి చేరినప్పుడు అమెరికన్ సాహిత్య భాషగా మన్నన పొందింది, నల్లజాతి పాత్ర నోట మిగిలినప్పుడు వక్ర వర్ణక్రమం తొడుక్కుంది.

ఈ కంచెను దాటిన నవలగా శామ్ సెల్వన్ ‘ది లోన్లీ లండనర్స్’ (1956)ను చదవవచ్చు. లండన్ చేరిన కరీబియన్ వలసజీవుల కథను మొదట ప్రామాణిక ఆంగ్లంలో మొదలుపెట్టి, అది సాగక, ట్రినిడాడ్ వాడుకకు మళ్ళానని సెల్వన్ చెప్పుకున్నాడు. మోజెస్ మాట్లాడే భాషలోనే ప్రథమ పురుష కథకుడూ మాట్లాడతాడు. కాల ప్రత్యయాలు లేని క్రియలు, కర్త లేని వాక్యాలు, కొన్ని పుటల పాటు విరామచిహ్నమే లేకుండా సాగే వేసవి వర్ణన ఆ భేదాన్ని నిలబెడతాయి. వర్ణక్రమాన్ని మాత్రం ఆయన చాలావరకు ముట్టుకోలేదు. ట్రినిడాడ్ బయటి పాఠకుల కోసం భాషను కొంత సడలించాడన్నది నిజమే. ధ్వని విషయంలో ట్వేన్ కన్నా తక్కువ ‘నమ్మకమైన’ రచయిత, పాత్రల గౌరవం విషయంలో ఎక్కువ నమ్మకంగా ఉన్నాడు.

తెలుగు లిపి పలికినట్టే రాస్తుంది గనుక మనకు కంటి మాండలికం బెడద లేదనడం తొందరపాటు. ‘వచ్చిండు’, ‘వచ్చినాడు’, ‘వచ్చాడు’ నిజంగా భిన్నంగా పలికే రూపాలే. కానీ ‘వచ్చాడు’ అని రాసే విద్యావంతుల్లోనూ చాలామంది మాటల్లో పలికేది ‘ఒచ్చాడు’. ‘వెళ్తున్నా’ అని రాసి ‘ఎళ్తున్నా’ అనేవారూ తక్కువ కాదు. కథలో ఆ ‘ఒ’, ‘ఎ’లు పనిమనిషి సంభాషణలో మాత్రమే అచ్చయితే ట్వేన్ యు-జెడ్‌లు చేసిన పనినే అవీ చేస్తాయి. నామిని ‘పచ్చనాకు సాక్షిగా’లో కథనమంతా చిత్తూరు పలుకులో నడవడం వల్ల అక్కడ ఈ ప్రశ్నే పుట్టదు. జిమ్‌ను తెలుగులోకి తేవడం అంతకన్నా చిక్కు. ఏ ప్రాంతపు పలుకు ఇచ్చినా ఆ ప్రాంతపు మనుషులే బానిస స్థానంలో నిలబడతారు. ప్రతినాయకులకూ హాస్యగాళ్ళకూ తెలంగాణ, ఉత్తరాంధ్ర యాసలు అంటగట్టిన సినిమాల తరువాత అది అమాయకమైన ఎంపిక కాజాలదు. హక్ కథనాన్ని శిష్ట వ్యావహారికంలో ఉంచి జిమ్ మాటలను మాత్రమే మాండలికంలోకి మార్చిన అనువాదం, ట్వేన్ కట్టినదాని కన్నా ఎత్తైన కంచె కడుతుంది. మూలంలో హక్ వ్యాకరణం కూడా ప్రామాణికం కాదు.