కుదించిన దొంగ ఆటలు

ఖరీదు చెల్లించకుండ కంప్యూటరు ఆటలు దించుకొను విద్యార్థులకు ‘రీప్యాక్’ అను మాట బాగుగ తెలియును. కొన్నవారికే పనిచేయునట్లు పెట్టిన తాళమును తీసివేసి, ఆటను సగమునకో మూడవ వంతునకో కుదించి, ఊరక పంచిపెట్టు మూట అది. ఇందలి కుదింపు శాస్త్రసమ్మతమైనదే. హఫ్‌మన్ 1952లోను, లెంపెల్, జివ్ అనువారు 1977లోను ప్రకటించిన పద్ధతులు నేటికిని ఇట్టి పనికి ఆధారములు. మరల మరల వచ్చు భాగమును ఒకసారి మాత్రమే వ్రాసి, తక్కినచోట్ల ‘ఇంత వెనుకకు పోయి ఇంత తెచ్చుకొనుము’ అని గుర్తు పెట్టుట లెంపెల్-జివ్‌ల ఉపాయము. గట్టిగా కుదించిన దానిని విప్పుటకు ప్రాసెసరు చాల శ్రమపడవలెను. కనుకనే దించుకొనుటలో మిగిలిన కాలము స్థాపించుటలో ఖర్చగును.

అయితే ఈ మూటల అభిమానులు చెప్పు ఒక వాదము నిలువదు. ఫైలునుండి గణించి తీసిన సరిచూపు సంఖ్యను హాష్ అందురు. హాష్‌లు అన్నియు సరిపోయినవి గనుక మూట నిర్దోషమని వారి వాదము. మూటకట్టినవాడు పెట్టినదే చెక్కుచెదరక మనకు చేరినదని మాత్రమే ఆ సంఖ్య చెప్పును. అతడు ఏమి పెట్టెనో చెప్పదు. పాలలో నీళ్లు కలిపినవాడే సీసాకు సీలు వేసినప్పుడు, సీలు ఊడలేదని సంతోషించి ప్రయోజనమేమి? ‘యాంటీ వైరస్‌ను ఆపివేయుడు, అది వట్టి హెచ్చరిక’ అను సూచన మరింత చిక్కైనది. తాళము తీసిన ప్రోగ్రాములపై వట్టి హెచ్చరికలు నిజముగనే వచ్చుచుండును. అందుచేత అసలు హెచ్చరిక వచ్చిననాడు దానిని గుర్తించు మార్గము ఆడువానికి ఉండదు.

2025 ఫిబ్రవరిలో కాస్పర్‌స్కీ సంస్థ ఇట్టి ఉదంతమునే వెల్లడించినది. దొంగ ప్రోగ్రాము దాచిన ఆటల మూటలను 2024 సెప్టెంబరులోనే టోరెంట్లలో ఉంచిరి. ఆ ప్రోగ్రాము డిసెంబరు 31న, పండుగ సెలవులలో, మేల్కొని ఇతరుల కంప్యూటర్లను మొనెరో అను డిజిటల్ నాణెము సంపాదించు పనికి పెట్టినది. ప్రాసెసరులో 8 కోర్లయినను లేనిచో పని మొదలిడదు. బలమైన ఎద్దునే కాడికి కట్టినారన్నమాట! ఆ మూటలలో ‘యూనివర్స్ శాండ్‌బాక్స్’ ఒకటి. గురుత్వాకర్షణను కన్నులకు కట్టించు ఆ ఆటను తరగతిలో చూపవలెనని భౌతికశాస్త్ర ఉపాధ్యాయునికి తోచుట సహజమే.

చట్టము సంగతి స్పష్టము. దొంగప్రతి అని తెలిసియు కంప్యూటరు ప్రోగ్రామును వాడుట 1957 కాపీరైటు చట్టము 63-బి సెక్షను క్రింద నేరము. ‘పెద్ద కంపెనీలకు నష్టమేమి?’ అని అడుగువారు కలరు. ‘స్టార్‌డ్యూ వ్యాలీ’ని ఎరిక్ బరోన్ ఒక్కడే నాలుగేండ్లకు పైగా శ్రమించి 2016లో విడుదల చేసెను. మూటకట్టువాడు పెద్ద కంపెనీని, ఒంటరివానిని వేరుచేసి చూడడు. కొత్త ఆటల ధర వేల రూపాయలలో ఉన్నదన్న ఫిర్యాదు మాత్రము న్యాయమైనదే. ఒక విద్యార్థికి అది భారమే. కాని ఇంటివారి బ్యాంకు లెక్కలు నడచు కంప్యూటరులో ముక్కు మొగము తెలియనివాని ప్రోగ్రామునకు సర్వాధికారములిచ్చుట ఆ భారమును తగ్గించునా?

డబ్బు లేనివారికి ‘సూపర్‌టక్స్‌కార్ట్’, ‘జీరో ఏ.డి.’ వంటి ఆటలను తయారుచేసినవారే ఉచితముగ ఇచ్చుచున్నారు. వాటి మూలరచనను ఎవరైనను చదువవచ్చును. కక్ష్యలు చూపదలచిన ఉపాధ్యాయునికి కొలరాడో విశ్వవిద్యాలయము వారి ‘ఫెట్’ ప్రదర్శనలు కలవు. గురుత్వాకర్షణ, కక్ష్యలు అను ప్రదర్శన బ్రౌజరులోనే నడచును. స్థాపించవలసినది ఏదియు లేదు.